రంగులాయన అభ్యంతరం

రంగులాయన చేతులు చూస్తే ఆ రోజు కొట్టులో ఏ రంగు కాగిందో వీధి మొత్తానికీ తెలిసిపోయేది. చేతులదాకా ఎందుకు, కొట్టు నీళ్ళు కలిసే వీధి కాలువ చూసినా చాలు. ఒకరోజు నీలం, ఒకరోజు పసుపు. వెలిసిపోయిన బట్టలకు మళ్ళీ ప్రాణం పోయడం ఆయన పని. ఆ పనిని ఎవరూ వేలెత్తి చూపలేదు. అందరూ చూపేది కాలువనే.

ఈసారి లైసెన్సు రెన్యువల్ దగ్గరపడేసరికి వీధివాళ్ళు మున్సిపాలిటీలో అభ్యంతరం పెట్టారు. వాళ్ళకు పెద్ద దిక్కు కాలువ చివరింటి టీచరమ్మ. ఆవిడ ఉద్యోగం రిటైరైంది గానీ గొంతు కాలేదు. ఆమె పెరట్లో ఎర్ర గులాబీ చెట్టొకటి ఉంది. ఆ ఎరుపంటే రంగులాయనకు పిచ్చి. ఎన్నిసార్లు కలిపినా అది ఆయన చేతికి చిక్కలేదు. "రేకులు పట్టుకెళ్తావు, రంగు మాత్రం తేలేవు" అని ఆవిడ ఏడిపించేది. పోట్లాట కాలువతోనే గానీ మనిషితో కాదు.

"లైసెన్సు పోతే ఈ వయసులో నాకింకో పని నేర్పుతావా?" అని భార్య మీద విసుక్కున్నాడు రంగులాయన.

"అంట్లు తోమడం నేర్పుతా. అదొక్కటే మీకు రాదు" అందావిడ.

నవ్వొచ్చింది గానీ దిగులు తీరలేదు. ఆ దిగుల్లోనే ఉపాయం తట్టింది. పాత చీరలోంచి రంగు దించడానికి వాడే మందు కొట్టులో ఉండనే ఉంది. చీరలో రంగు దించేది నీళ్ళలో రంగు దించదా? వాడేసిన నీళ్ళలో అది కలిపి వదిలాడు. కాలువ అద్దంలా తేటపడింది. బుద్ధెరిగినప్పటి నుంచీ రంగుల్లోనే బతికినవాడు మరి, రంగు పోతే దోషమంతా పోయినట్టేననుకున్నాడు పాపం. వీధి ముక్కున వేలేసుకుంది. విచారణలో తనే లేచి అభ్యంతరం లేదని చెబుతానంది టీచరమ్మ.

విచారణ రోజు పొద్దున ఆవిడను వెంటబెట్టుకుని వెళ్దామని రంగులాయన వాళ్ళింటికి వెళ్ళాడు. ఆవిడ పెరట్లో దిగాలుగా నిలబడి ఉంది. గులాబీ ఆకులు తెల్లగా పాలిపోయాయి. మొగ్గలు తలలు వాల్చేశాయి.

"ఏం తెగులో ఏమో. రోజూ నీళ్ళు పోస్తూనే ఉన్నా."

"ఏ నీళ్ళమ్మా?"

"కాలువ నీళ్ళేగా! రంగున్నప్పుడు ముట్టుకోలేదు. ఇప్పుడు తేటగా ఉన్నాయని ముంచి పోస్తున్నా."

రంగులాయన ఒక ఆకు తుంచి చూశాడు. రంగు దిగినది ఎలా ఉంటుందో ఆయనకు వేరే చెప్పాలా? ఆ ఆకును జేబులో వేసుకుని ఆవిడ వెంట ఆఫీసుకు నడిచాడు.

ఆఫీసులో ఆఫీసరు కాగితాలు తిరగేస్తూ, "అభ్యంతరాలున్నాయా?" అని అడిగాడు.

"మాకెవరికీ లేవండీ. నీళ్ళు బాగుపడ్డాయి" అంది టీచరమ్మ.

ఆఫీసరు స్టాంపు అందుకున్నాడు. అది పడితే కొట్టు నిలుస్తుంది, ఇంట్లో పొయ్యి వెలుగుతుంది. అయినా రంగులాయన లేచాడు.

"నాకుందండీ."

"ఏముంది?"

"అభ్యంతరం."

"లైసెన్సు మీదేగా!"

"నాదేనండీ. నీళ్ళు బాగుపడలేదు. రంగు దించే మందు కలిపానంతే. ఈవిడ చెట్టును నేనే చంపాను."

ఎవరో నవ్వబోయి ఆగిపోయారు. నీళ్ళు శుభ్రం చేసే తొట్టి కట్టి చూపించేదాకా కొట్టు మూసెయ్యమన్నాడు ఆఫీసరు. టీచరమ్మ రంగులాయన వైపైనా చూడకుండా వెళ్ళిపోయింది. కొట్టు మూతపడ్డదానికంటే అదే ఆయనకు ఎక్కువ నొప్పెట్టింది.

తొట్టి కోసం గొయ్యి తవ్వడం మొదలుపెట్టాడు. "అంట్లు తోమడం నేర్పుతానంటే నా చేత మట్టి మోయిస్తున్నారు" అని సణుగుతూనే భార్య తట్ట ఎత్తింది. ఒక సాయంత్రం గొయ్యి మీద నీడ పడింది. తలెత్తితే టీచరమ్మ. చేతిలో వెలిసిపోయిన చీర.

"చెట్టు వేళ్ళతో సహా పోయింది" అంది.

ఆయన పార వదిలేసి తలదించుకున్నాడు.

"కొట్టు తెరిచాక దీనికి ఆ గులాబీ రంగు వెయ్యి."

"అది నాకెప్పుడూ చిక్కలేదు కదమ్మా. ఇప్పుడు చూసి కలపడానికి పువ్వు కూడా లేదు."

"నేనున్నాగా" అంది టీచరమ్మ, చీర ఆయన భార్య చేతిలో పెడుతూ. "నువ్వు కలుపు. అదో కాదో నేను చెప్తా."