పంటు మీద మా బాబాయి

మా దివిసీమ లంకలో వైద్యం చాలా ముందుకు వెళ్లింది. మేమే కృష్ణకి ఇవతల ఉండిపోయాం.

నిరుడు ఓ మధ్యాహ్నం వల బాగుచేసుకుంటున్న బాబాయికి గుండెలో నొప్పి వచ్చింది. ఊరి ఆసుపత్రి నర్సమ్మ ఈసీజీ తీసి ఫోన్లో పంపింది. ఎక్కడో ఉన్న గుండె డాక్టరు గారు నేను చెమట తుడుచుకునేలోపే జవాబిచ్చారు: ఆలస్యం చేయకుండా బందరు చేర్చాలి. అవతలి రేవుకి అంబులెన్సు కూడా వచ్చేసింది. ఇక మిగిలింది పంటు మీద ఏరు దాటడమే.

మా ఊళ్లో రోగిని ఒంటరిగా పంపితే పరువు తక్కువ. అందుకని ఊరంతా పంటెక్కింది. సముద్రం ఏట్లో నీళ్లని వెనక్కి లాగే వేళ కావడంతో, పంటు నాలుగు బారలు కదిలి బురదలో కూర్చుంది.

"సగం మంది దిగండి బాబూ!" పంటు నడిపేవాడు అరిచాడు.

"సొంత మేనత్తని, నేనెట్టా దిగుతాను?"

"నేను వియ్యంకుణ్ణి. నాకు మర్యాదుండక్కర్లా?"

పడుకున్న బాబాయి కళ్లు తెరిచి, "పోనీ నేను దిగనా?" అన్నాడు.

అందరం నవ్వాం. నవ్వుతూనే దిగి, మోకాలి లోతు బురదలో పంటుని నెట్టాం.

అవతలి రేవు చేరేసరికి బాబాయి పోయాడు. నర్సమ్మ ఫోన్లో డాక్టరు గారు "బయల్దేరారా అండీ?" అని అడుగుతున్నారు.

బాబాయిని వెనక్కి తెచ్చేటప్పటికి ఏట్లో నీళ్లు పెరిగాయి. మళ్లీ ఊరంతా ఎక్కింది. పంటు ఎక్కడా ఆగలేదు.