హంతకుడి పేరు చెప్పిన పాపానికి

హత్య చేసి తప్పించుకున్నవాళ్ళు మా గుంటూరు జిల్లాలో ఉండే ఉంటారు. హంతకుడి పేరు చెప్పి తప్పించుకున్నవాడు మాత్రం ఒక్కడూ లేడు. ఆ నేరం చేసినవాణ్ణి నేనొక్కణ్ణే కనక, నేను తప్పించుకోలేదు కనక. కత్తి పట్టలేదు, విషం కలపలేదు. నోరు తెరిచానంతే. ఆ ఆదివారం మధ్యాహ్నం నా పరువూ, నా పరిశోధనా, నా నిద్రా ఒకే పాడె మీద వెళ్ళిపోయాయి. మీరు నవ్వుకోండి, ఫరవాలేదు. ఏడవాల్సిన ఏడుపంతా అప్పుడే ఏడ్చేశాను.

అరవయ్యో దశకం మొదటి రోజులు. గుంటూరులో ఒక కాలేజీలో నేను తెలుగు ట్యూటర్ని. ఉద్యోగం తాత్కాలికం, గర్వం శాశ్వతం. డాక్టరేటు సంపాదిస్తే తప్ప ఆ ఉద్యోగం నిలవదు. మా శాఖకు పెద్ద అవధానులుగారు నాకోసం ఒక విషయం సిద్ధం చేసి పెట్టారు: ప్రబంధాల్లో చంద్రోదయ వర్ణనలు. నేనేమో డిటెక్టివ్ నవలలన్నాను.

ఆయన ముక్కుపొడుం డబ్బీ టక్కున మూశారు. "ఏ నవలలు?"

"డిటెక్టివ్ నవలలండి. ఇంగ్లీషువాళ్ళవీ, ఫ్రెంచివాళ్ళవీ, బెంగాలీలవీ, మనవీ పక్కపక్కన పెట్టి తులనాత్మకంగా..."

"రైల్వేస్టేషన్లో బఠాణీల పక్కన పెట్టి అమ్ముతారు, అవేనా?"

"అవేనండి."

"ఏమోయ్, మీ నాన్నగారు ఉన్నారా?"

"ఉన్నారండి."

"ఆయనకు తెలుసా ఈ సంగతి?"

తెలియదు. కానీ నా దగ్గర ఒక సిద్ధాంతం ఉంది. పాతికేళ్ళ కుర్రవాడికి సిద్ధాంతం దొరకడమంటే కోతికి కొబ్బరికాయ దొరకడమే. ఎవరి నెత్తిన కొడదామా అని తిరుగుతుంటాడు. నా సిద్ధాంతం ఇది. ఇంగ్లీషువాడికి హత్య తెల్ల దుప్పటి మీద పడ్డ సిరా మరక. ఒలికించిందెవరో తేలి, దుప్పటి ఉతికి ఆరేశాక అందరూ కూర్చుని టీ తాగుతారు. ఫ్రెంచివాడి కథలో దొంగే అందగాడు, వెంటపడే పోలీసు విదూషకుడు. బెంగాలీ పరిశోధకుడు పరుగెత్తడు. వరండాలో కూర్చుని స్నేహితుడితో మాట్లాడుతూ మనుషుల మనసులు తవ్వుతాడు. మన తెలుగు డిటెక్టివేమో మద్రాసులో కారు నడుపుతాడు, పేజీకొక మారువేషం వేస్తాడు, చివర్లో హంతకుణ్ణి పట్టుకుని ఊరుకోక అరపేజీ నీతి చెబుతాడు.

అంటే ఏమిటి? రహస్యం పడమటివాడి జబ్బు. మనవాడికి కావలసింది ధర్మం గెలవడం. హరికథలో రాక్షసుడు చస్తాడని ఉయ్యాల్లో పిల్లకు కూడా తెలుసు. అయినా జనం చాపలు చంకన పెట్టుకుని రావడం మానారా? అంచేత హంతకుడెవరో ముందే చెప్పేసినా తెలుగు పాఠకుడికి చీమ కుట్టినట్టయినా ఉండదు. ఇదీ నా బ్రహ్మాస్త్రం.

అవధానులుగారు కళ్ళు మూసుకుని అంతా విన్నారు. "బాగానే ఉంది. మనుషుల మీద పరీక్షించావా?"

"ఇంకా లేదండి."

"పరీక్షించు. నేనూ వచ్చి చూస్తాను. నిలబడితే నీ బఠాణీ నవలల్ని విశ్వవిద్యాలయానికి సిఫారసు చేస్తాను. పడిపోతే చంద్రోదయం."

పోయేకాలం వచ్చినవాడికి దారి అడగాల్సిన పనిలేదు. ఆ వారంలోనే నా డిటెక్టివ్ పిచ్చి సంగతి ఎవరి దగ్గరో విని, మస్తాన్ అని ఒకతను కాలేజీలో నా గదికి వచ్చాడు. మంగళగిరిలో నేతవాళ్ళు నడుపుకునే చిన్న లైబ్రరీకి అతనే లైబ్రేరియన్. నేతపనిలో చేతులూ కాళ్ళూ ఖాళీ ఉండవు గదా, పుస్తకం పట్టుకునేదెట్లా? అందుకని మస్తానే మధ్యాహ్నాలు నాంచారయ్యగారి మగ్గాల షెడ్డుకు వెళ్ళి డిటెక్టివ్ నవలలు పైకి చదివి వినిపించేవాడు. మగ్గాల చప్పుడు మీదుగా వినిపించే గొంతు. కత్తి పైకి లేచిన చోట ఆపి అట్ట మూసేసేవాడు. నేతగాళ్ళు బతిమాలినా మర్నాటిదాకా తెరిచేవాడు కాడు.

"మా వార్షికోత్సవానికి మీరు మాట్లాడాల సార్," అన్నాడు. "దేశదేశాల డిటెక్టివుల గురించి. మావాళ్ళు చెవులు కోసుకుంటారు."

ఆ చెవులు తర్వాత నావే కోస్తారని అప్పుడు తోచలేదు.

ఆదివారం మధ్యాహ్నం సభకు షెడ్డు కిక్కిరిసింది. లైబ్రరీకి అధ్యక్షులూ నాంచారయ్యగారే. వాళ్ళమ్మ రత్తమ్మగారు జారిపడి తుంటి విరిగి మంచం పట్టింది. ఆమెను మంచంతో సహా మోసుకొచ్చి ముందు వరసలో దించారు.

"మా అమ్మకు మస్తాన్ చదివే కథే మందండీ," అన్నారు నాంచారయ్యగారు. "కథ కోసమే రెండు ముద్దలు తింటోంది."

అప్పుడు షెడ్డులో నడుస్తున్న కథ బెంగాలీ నుంచి వచ్చిన అనువాదం. మూసిన గదిలో జమీందారు చచ్చి పడి ఉంటాడు. ఇంట్లో మేనల్లుడూ, వంటవాడూ, డాక్టరూ, ప్లీడరూ. సగం అయింది. చంపిందెవరో ఎవరికీ తెలియదు. మస్తాన్ కూడా చివరి పేజీలు ముందుగా చూడనని ఒట్టు పెట్టుకున్నాడట.

నేను లేచాను. ఇంగ్లీషువాడి టీకి నవ్వారు. ఫ్రెంచి దొంగకు చప్పట్లు కొట్టారు. వేదిక మీద అవధానులుగారి తల మెల్లగా ఊగింది. అది చూసి నాకు పూనకం వచ్చింది.

"అయ్యా, మనకు రహస్యంతో పనిలేదు!" అని హరికథ సంగతి చెప్పి, "ఉదాహరణకు," అంటూ లైబ్రరీలో ఉన్న ఒక ఇంగ్లీషు నవల అనువాదంలో హంతకుడు వంటవాడని చెప్పేశాను.

వెనక ఎవరో "అయ్యో" అన్నారు. సిద్ధాంతానికి దొరికిన ప్రశంస అనుకున్నాను. ఇంకో నవల పేరు చెప్పి, చంపింది మేనమామ అన్నాను. గళ్ళచొక్కా వేసుకున్న ఒకాయన లేచి, ఒళ్ళో ఉన్న ఆ పుస్తకాన్నే తెచ్చి మస్తాన్ చేతిలో పెట్టి, చెప్పులేసుకుని వెళ్ళిపోయాడు. మస్తాన్ దగ్గాడు. తర్వాత రెండు చేతులూ ఊపాడు. కానివ్వండి అంటున్నాడనుకున్నాను.

"అంతెందుకు, మీరిప్పుడు వింటున్న కథే తీసుకోండి. జమీందారును చంపింది..."

"సార్!" మస్తాన్ అరిచాడు.

"...డాక్టరు!"

ముందు వరసలో నులక కిర్రుమంది.

"అబ్బాయ్," అంది మంచం మీంచి రత్తమ్మగారు. "ఇప్పుడేమన్నావ్?"

"డాక్టరేనండి బామ్మగారూ! మందులో విషం కలిపాడు. అయినా మీకు కథ మీద మోజు తగ్గిందా? తగ్గలేదు గదా!"

ఆవిడ నాకేసి చూడలేదు. పైకప్పు పెంకులకేసి చూసింది. "ఆ జమీందారును ఏ దొంగసచ్చినోడు చంపాడో తెలుసుకుందామనేరా నేనీ మంచాన ఊపిరి బిగబట్టుకుని ఉంది. ఇహ దేనికిరా నాంచారయ్యా నన్ను బతికిచ్చటం?"

అంతే. షెడ్డు లేచింది.

"ఒరేయ్, ఆ డాక్టర్ని పట్టుకోండ్రా!"

"ఏ డాక్టర్నిరా?"

"ఈయన్నే! డాక్టరేటంట గదా!"

మస్తాన్ నా జబ్బ పట్టుకుని వెనకదారిన నూలు అద్దకాల దొడ్లోకి లాక్కుపోయాడు. పరుగులో నా కాలు తిన్నగా నీలిరంగు తొట్లో దిగింది. ఒక కాలు తెలుపు, ఒక కాలు నీలం, అలా బస్సెక్కాను. పక్కన అవధానులుగారు. గుంటూరులో దిగేటప్పుడు, "చంద్రోదయం మీద పుస్తకాలు కాలేజీ లైబ్రరీలో గోడవైపు బీరువాలో ఉంటాయి," అన్నారు.

తర్వాతి రోజులు ఎలా గడిచాయో పగవాడికి కూడా చెప్పకూడదు. మీరు పగవాళ్ళు కాదు గనక చెబుతున్నాను. మంగళగిరి నుంచి చీరెల మూట తెచ్చే ఆవిడ మా వీధిలోకి వచ్చింది. అమ్మ పిలిచింది. ఆవిడ గుమ్మంలో నన్ను చూసి మూట మళ్ళీ నెత్తికెత్తుకుంది.

"ఈయన మీ అబ్బాయా? అయితే మీ ఇంట చీరె అమ్మం తల్లీ."

అమ్మ లోపలికొచ్చి గొంతు తగ్గించి అడిగింది. "ఏం చేశావురా? ఎవర్ని చంపావు?"

"ఎవర్నీ చంపలేదమ్మా. ఎవడు చంపాడో చెప్పాను."

"సాక్ష్యం చెప్పావా! మన ఇంటావంటా ఉందిట్రా ఆ అలవాటు?"

నవ్వొస్తోందా? నాకు రాలేదు. అన్నం ముందు కూర్చుంటే పెంకులకేసి చూస్తున్న ఆ ముసలావిడ ముఖమే కనబడేది. ఉండబట్టలేక మస్తాన్‌ను కలిశాను.

"గోడకేసి తిరిగి పడుకుంది సార్," అన్నాడు. "మజ్జిగ తప్ప ముట్టటంలా."

"మిగతా కథ చదివి వినిపించండి మస్తాన్. ఆవిడ వద్దన్నా చదవండి. ధర్మం గెలిచే తీరు విన్నాక..."

అతను నాకేసి చూసిన చూపుకి ధర్మం నా గొంతులోనే ఉండిపోయింది. అయినా పోతూ పోతూ, "మగ్గాలోళ్ళు అడుగుతున్నారు, ఆ డాక్టరు ఎట్టా దొరికాడో చదవమని. ఆమె మంచం పక్కనే కూర్చుని చదువుతాలే," అన్నాడు.

ఆవిడకు ఏమైనా అయితే ఆ హత్య నా ఖాతాలోనే పడుతుందనీ, అందులో మాత్రం హంతకుడెవరో ఊరందరికీ ముందే తెలుసుననీ తలుచుకుంటూ ఆ వారమంతా చంద్రోదయాలు చదివాను. ఒక్క చంద్రుడూ చల్లగా తగల్లేదు.

అప్పుడొచ్చింది నాంచారయ్యగారి కబురు. నన్నూ, అవధానులుగారినీ వెంటనే రమ్మని. పెద్దల సమక్షంలో తన్నడానికేనని నిశ్చయించుకుని, ఉన్నవాటిలో పాత పంచె కట్టుకుని వెళ్ళాను. షెడ్డులో మళ్ళీ జనం. గోడకు ఆనించిన దిళ్ళ మీద రత్తమ్మగారు కూర్చుని ఉంది. ముందర అన్నం గిన్నె, ఖాళీగా.

"రా నాయనా రా! నూరేళ్ళు బతుకు!" అంది. నాంచారయ్యగారు కొత్త పంచెల చాపు తెచ్చి నా భుజాన వేశారు. చప్పట్లు. నాకేమీ అర్థం కాలేదు.

"చంపింది ప్లీడరు సార్!" అన్నాడు మస్తాన్. ముఖం వెలిగిపోతోంది.

"ప్లీడరా?"

"నువ్వు డాక్టరన్నావుగా," అంది రత్తమ్మగారు, "ఆ మాట పట్టుకుని మేమంతా డాక్టరు మీదే కళ్ళు పెట్టుకు కూర్చున్నాం. పక్కనే ప్లీడరు పిల్లిలా తిరుగుతుంటే ఒక్కడన్నా చూశాడా? నా జన్మలో ఇంత మోసపోయి ఎరగను! ఏం మోసం చేశావయ్యా, బంగారం!"

అందరూ నవ్వుతున్నారు. అవధానులుగారు ఒక్కరే నవ్వలేదు.

"ఏమోయ్, ఆ నవల నువ్వు చదివావా?"

"చదివానండి."

"చివరిదాకా?"

"కాలేజీ హాస్టలు కాపీలో చివరి పేజీలు చిరిగిపోయాయండి. బెంగాలీ కథల్లో చదువుకున్నవాడే చంపుతాడని... నా సిద్ధాంతం ప్రకారం... డాక్టరని..."

"శవం లేదు, సాక్ష్యం లేదు, హంతకుడి పేరు సోమలింగం!" అన్నారాయన.

ముద్దాయిగా అక్కడ నిర్దోషినని తేలింది. పరిశోధకుడిగా అక్కడే ఉరి పడింది. కొత్త పంచెల చాపు భుజాన వేసుకుని చంద్రోదయంలోకి నడిచాను. డాక్టరేటు వచ్చింది. ఆ గ్రంథాన్ని పరీక్షకులు తప్ప ఎవరూ చదవలేదు. వాళ్ళు చదివారన్నదీ అనుమానమే.

ఆ రోజు వచ్చేస్తుంటే రత్తమ్మగారు నా చెయ్యి వదల్లేదు. "సోమవారం కొత్త పుస్తకం మొదలెడతన్నాం నాయనా. నువ్వొచ్చి ముందే హంతకుడెవరో చెప్పిపో."

"ఎందుకండీ?"

"నువ్వు చెప్పినోణ్ణి వదిలేసి మిగతావాళ్ళని చూసుకుంటాం!"

కనక పాఠక మహాశయులారా, ప్రబంధాల్లో ఉదయించిన చంద్రులందరి సాక్షిగా ప్రమాణం చేస్తున్నాను. ఈ జన్మలో ఇక చివరి పేజీ చదవకుండా ఎవరి మీదా హత్యానేరం మోపను. చదివితే మాత్రం చచ్చినా చెప్పను.