గోడలకి రికార్డులమ్మని మనిషి

పద్దెనిమిది రోజుల క్రితం పొద్దున్నే దువ్వాడ స్టేషన్లో రైలు కోసం నిలబడి ఉండగా ఫోన్ మోగింది. "అక్కా, అబ్బా పోనారు. పొద్దున్న నమాజుకి లెగలేదు" అంది పాత ఊళ్లోని రికార్డుల చాచా కూతురు. ఇంకేదో చెబుతోంది కానీ రైలు వచ్చేసింది. నేను ఎక్కలేదు. అది వెళ్లిపోయేదాకా ఫోన్ చెవి దగ్గరే పెట్టుకుని ఉన్నాను.

చాచాతో నేను మాట్లాడి ఏడు నెలలైంది. మాట్లాడకపోవడానికి నాకో కారణం ఉండేది. ఆ కారణమిప్పుడు ఏమైందో నాకే తెలియడం లేదు. ఇది రాస్తే తేలుతుందేమోనని రాస్తున్నాను.

ఆయన కొట్టు చాలా ఇరుకు. ఇద్దరు లోపల కూర్చుంటే మూడోవాడు వీధిలో నిలబడాలి. పాత రికార్డ్ ప్లేయర్లు బాగుచేసేవారు, పాత రికార్డులు కొనేవారు, అమ్మేవారు. అమ్మడం అంటే అంత సులువుగా కాదు. ఎవరొచ్చినా ముందు ఒకటే ప్రశ్న: "ఇంట్లో ప్లేయరుందా?" ఈ మధ్య కుర్రాళ్లు చాలామంది రికార్డుల కోసం వస్తున్నారు కదా, వాళ్లలో కొందరు గోడకి తగిలించుకోవడానికి అడిగేవారు. "గోడలకి సెవులుంటాయంటారు గానీ బాబూ, నాను నమ్మను. ఎల్లిరా" అని పంపించేసేవారు.

రికార్డు ముట్టుకునే ముందు చేతులు కడుక్కుని లుంగీకి తుడుచుకునేవారు. అట్ట తెరిచి ఒకసారి వాసన చూసేవారు. "ఇది జాలరిపేట గాలి తిన్న రికార్డు" అనేవారు. తెచ్చినవాడిని అడిగితే నిజంగానే సముద్రం పక్క ఇల్లయ్యేది. ఆదివారాలు నలుగురైదుగురు సేకరించేవాళ్లు అక్కడ చేరేవారు. ఒక రిటైరైన డాక్టరు, పోర్టులో పనిచేసే ఇద్దరు, కాలేజీ పిల్లలు. "నీ దగ్గర రెండున్నాయి కదా బావా, ఒకటి నాకిచ్చీ" అని బతిమాలుకోవడాలు, అలకలు. చాచా మధ్యలో కూర్చుని నవ్వేవారు. ఎవరైనా గీత పడిందని ఒక రికార్డుని తీసిపారేస్తే మాత్రం ఊరుకునేవారు కాదు. "గీత పడ్డ రికార్డు అబద్ధమాడదు బాబూ. ఎక్కడ దెబ్బ తగిలిందో అదే పదేపదే సెప్తాది" అనేవారు.

నేను సేకరించే మనిషిని కాను. మా నాన్న పోర్టులో ఓడల సరుకు ఎత్తి దించే వించి నడిపేవాడు. ఓడల మీద వచ్చిన నావికుల దగ్గర ఎప్పుడో పన్నెండు రికార్డులు సంపాదించాడు. నాన్న పోయాక, అమ్మ కూడా పోయాక, ఇల్లు మారుతూ ఆ పెట్టెని వదిలించుకుందామని చాచా కొట్టుకి తీసుకెళ్లాను. అది ఎనిమిదేళ్ల క్రితం మాట.

"అన్నీ తీసుకుంటాను. కానీ ఒకపాలి అన్నీ వినీసి ఇవ్వు బేటీ" అన్నారు.

"నాకు టైం లేదు చాచా."

"మీ నాన్నకుండిందా? ఓడ పనిలో టైమేటి?"

కూర్చున్నాను. వాటిలో పసుపుపచ్చ లేబులున్న రికార్డు ఒకటుండేది. మాకెవరికీ రాని అక్షరాలు, ఎవరో ఆడమనిషి గొంతు. చిన్నప్పుడు ఆదివారం అమ్మ చేపలు వేయిస్తుంటే నాన్న అదే పెట్టేవాడు. ఆ పాటకి ప్రతి వారం ఒక కొత్త అర్థం చెప్పేవాడు. "మొగుడు సంతకెళ్లి వంజరం చేప తెమ్మంటే చవక కవ్వల్లు తెచ్చాడంట, అందుకే ఏడుస్తంది" అనేవాడు. అమ్మ నవ్వి, పసుపు చేత్తోనే వచ్చి ఆపేసేది. లేబులు అంచున ఆమె వేలి మరక అలాగే ఉండిపోయింది. చాచా కొట్లో ఆ గొంతు మొదలవగానే నేను ఏడ్చాను. ఆయన చూడనట్టు వెనక్కి తిరిగి, ఏదో ప్లేయరు మూత విప్పుతూ కూర్చున్నారు.

ఇక వాటిని అమ్మబుద్ధి కాలేదు. మా ఇంట్లో ప్లేయరు లేదు కనక ఆ పన్నెండూ ఆయన దగ్గరే, విడిగా ఒక అరలో ఉంచాను. నెలకోసారి వెళ్లి వినేదాన్ని. చివరి రెండేళ్లూ రికార్డు మీద ముల్లు నన్నే పెట్టమనేవారు. "నీ సెయ్యి వాటమైంది బేటీ, నువ్వే పెట్టు" అనేవారు. అంత మనిషి నా చేతిని మెచ్చుకుంటున్నాడని పొంగిపోయాను.

ఏడు నెలల క్రితం, తోటి ఉద్యోగి పుట్టినరోజని బీచ్ రోడ్డులో ఒక కాఫీ షాపుకి వెళ్లాం. గోడంతా రికార్డులు, మధ్య కన్నంలోంచి మేకులు కొట్టి. పై వరసలో పసుపుపచ్చ లేబులు. కుర్చీ జరుపుకుని దగ్గరికెళ్లి చూశాను. అంచున అమ్మ వేలి మరక.

మేనేజరుని అడిగితే, "పాత ఊళ్లో ముసలాయన ఇచ్చారండి. ముందు ఎన్నిసార్లడిగినా ఇవ్వనన్నారు. తరవాత ఆయనే పిలిచి ఊరికే ఇచ్చారు" అన్నాడు.

అక్కడినుంచి తిన్నగా కొట్టుకి వెళ్లాను.

"మా నాన్న పసుపుపచ్చ రికార్డు ఎక్కడుంది చాచా?"

"ఉందమ్మా. భద్రంగానే ఉంది."

"ఎక్కడ? గోడ మీదా?"

ఆయన మా రికార్డులున్న అర వైపు చూసి, చూపు తిప్పేసుకున్నారు.

"ఎందుకిచ్చారు? ఎవరినడిగి ఇచ్చారు?"

"ఇచ్చాను బేటీ. తప్పే."

అంతే. రెండు చేతులూ తొడల కింద పెట్టుకుని, వాటి మీద కూర్చుని నేలకేసి చూస్తున్నారు. ఆ కూర్చున్న తీరు నాకు మొండితనంలా కనిపించింది. మిగతా పదకొండూ పెట్టెలో వేసుకుని, వెళ్లొస్తానని కూడా చెప్పకుండా వచ్చేశాను. తరవాత రెండుసార్లు ఆయన ఫోన్ చేశారు. తియ్యలేదు.

ఆయన పోయిన వారానికి వాళ్లింటికి వెళ్లాను. కూతురు టీ ఇచ్చి పక్కన కూర్చుంది. నేను ఆ సంగతి ఎత్తలేదు, తనే ఎత్తింది.

"అబ్బాకి రెండేళ్లబట్టి సేతులొణుకు అక్కా. ఎవరికీ సెప్పనిచ్చేవారు కాదు. మీరు ఆకరిపాలి ఇని ఎల్లాక, మళ్లీ ఒత్తారని మీ రికార్డు తుడిసి, ఒకపాలి ఏసి సూద్దారని ముల్లు పెట్టారు. సెయ్యి అదిరిపోయింది. ఈ సివర్నించి ఆ సివరికి గీసీసింది. రెండ్రోజులు అన్నం ముట్టలేదు."

"నాకు చెప్పొచ్చు కదమ్మా."

"సెప్పమన్నాను. 'నా సేతుల్లో పాడైందని తెలిత్తే ఇంకెవరు నా సేతికి రికార్డిత్తారే?' అన్నారు. పారెయ్యలేరు, ఇంట్లో ఉంచుకుని సూడలేరు. 'ముల్లు లేని సోట ఉండనీ, దానికింక నొప్పుండదు' అని ఆ కాఫీ వాళ్లకిచ్చీసారు."

టీ చల్లారిపోయింది. ఆ అమ్మాయిని ఏం ఓదార్చానో, అసలు ఓదార్చానో లేదో గుర్తులేదు.

నాకు కోపం ఉందా అంటే ఉంది. నాన్న రికార్డు పాడైనందుకు కాదు, నన్ను నమ్మనందుకు. నమ్మి చెప్పి ఉంటే క్షమించేదాన్నా? వెంటనే అవునని రాయాలనిపిస్తోంది. కానీ ఆ రోజు కొట్టు గుమ్మంలో నిలబడిన నన్ను తలుచుకుంటే రాయడానికి చెయ్యి రావడం లేదు. ఆయన నా కోపాన్ని భరించారు గానీ నిజాన్ని బయటపెట్టలేకపోయారు. గీత పడ్డది అబద్ధమాడదన్న మనిషే అలా చేశారు. ఆ రెండు ఫోన్లలో చెప్పాలనుకున్నారేమో. కేవలం ఎలా ఉన్నావని అడగడానికేనేమో. ఒక్కటి మాత్రం గట్టిగా చెప్పగలను. ఎనిమిదేళ్ల క్రితం ఆయన "వినీసి ఇవ్వు" అనకపోయుంటే ఆ పెట్టె పాత సామాన్లవాడి బండెక్కేది, అమ్మ నవ్వు నాకు మళ్లీ దొరికేది కాదు.

మొన్న ఆదివారం ఆ కాఫీ షాపుకి వెళ్లాను. రికార్డు మా నాన్నదని చెబితే మేనేజరు మంచివాడు, వెంటనే స్టూలు తెచ్చి, సుత్తి కూడా తెచ్చాడు. నేనే స్టూలెక్కి దగ్గరగా చూశాను. అప్పుడు కింది నుంచి మరక ఒక్కటే చూశాను గానీ, గీత అంచు నుంచి లేబులు దాకా లోతుగా ఉంది. తీసుకెళితే అది మా ఇంట్లో ఏమవుతుంది? వదిలేస్తే ఇక్కడ ఏమవుతుంది?

"తీసెయ్యమంటారా మేడమ్?"

ఎవరో తలుపు తెరుచుకుని లోపలికొచ్చారు. వాళ్లతోపాటే సముద్రపు గాలి దూరింది. మేకు వదులుగా ఉన్నట్టుంది, రికార్డు దానిమీద మెల్లగా పావు వంతు తిరిగింది.

"తియ్యమంటారా?" అన్నాడు మళ్లీ.

నేనింకా స్టూలు మీదే ఉన్నాను. తలుపు మూసుకుంది. రికార్డు ఆగింది, తెలియని ఆ అక్షరాలు పక్కకి ఒరిగి.