ఇరవై మూడుసార్లు చచ్చిన గెన్నాది

అజైబాలో మా హోటల్లో పిల్లలకు ఈత నేర్పే గెన్నాదికి అరవై నాలుగేళ్లు. రష్యాలో ముప్పై ఒక్క సినిమాల్లో నటించాడు. ఇరవై మూడింటిలో చచ్చాడు. ఊపిరి బిగబడితే నిమిషమున్నర దాకా ఆయన ఛాతీ కదలదు. డైరెక్టర్లకు కావలసింది అదే. శవానికి మాటలెందుకు? ఎవరూ ఇవ్వలేదు. స్టూడియో మూతపడ్డాక కొన్నాళ్లు టాక్సీ తోలి, ఇక్కడికి, ఒమాన్‌కు వచ్చాడు. పదకొండేళ్లుగా ఆ ఊపిరితోనే బతుకుతున్నాడు. నేను ఆ కొలనులో పడ్డ ఆకులు తీస్తాను.

ఈ ఏడాది రష్యా నుంచి ఆయనకు ఓ వేషం మాట వచ్చింది. ముసలి తండ్రి. చనిపోయేముందు కొడుకుతో నాలుగు నిమిషాలు మాట్లాడాలి. ఫోన్‌లో తీసి పంపితే చూస్తామన్నారు.

"చార్ మినట్ బోల్నా," అని నాకు నాలుగు వేళ్లు చూపించాడు. రోజంతా చూపిస్తూనే ఉన్నాడు.

కొడుకు మాటలు అందించడానికి మనిషి కావాలి. హోటల్లో దిగే రష్యన్లను అడగడానికి సిగ్గుపడ్డాడు. ఏ భాషైనా సరే, తను ఆగినచోట ఎవరైనా మాట్లాడితే చాలన్నాడు. మేముండే అల్ హైల్ రూమ్‌లో నా పక్క మంచం గంగన్నది. గంగన్నను తీసుకెళ్లాను.

శుక్రవారం మధ్యాహ్నం కొలను పంపు గదిలో మోటారు ఆపి, గెన్నాది నేల మీద పడుకున్నాడు. నేను ఫోన్ పట్టుకున్నాను.

"రష్యా ముసలాయనతోని నాకేం ముచ్చట్లుంటయిరా?" అన్నాడు గంగన్న.

"మీ బాపు అనుకోరాదే."

అనకూడని మాట. వాళ్ల బాపు పోయినప్పుడు గంగన్నకు కంపెనీ లీవు ఇవ్వలేదు.

గెన్నాది మాట్లాడాడు. మాకు ఒక్క ముక్క తెలియలేదు. ఆయన ఆగినప్పుడల్లా గంగన్న, "బాపూ, నేనొచ్చిన. ఇగో, ఈడనే ఉన్న," అన్నాడు. చివరికి గెన్నాది ఛాతీ కదలడం ఆగింది. గంగన్న సీసా మూత తీసి ఆయన నోట్లో నీళ్లు పోశాడు. శవం గుటక వేసింది.

"ఏం చేస్తివే గంగన్నా! అంత ఖరాబైంది!"

"నోట్లె నీళ్లు పడకుంట ఎట్ల పోనిస్తరురా?"

గెన్నాది తిట్టలేదు. వీడియో రెండుసార్లు చూసుకుని, దాన్నే పంపాడు.

మూడు వారాలకు జవాబు వచ్చింది. వేషం పేరున్న మరొకాయనకు ఇచ్చారట. ఆ నీళ్లు మాత్రం సీన్‌లో ఉంచుకుంటారట. ఏ చేత్తో, ఎన్నిసార్లు పోయాలో కనుక్కుని రాయమన్నారు.

"చెప్పకు," అన్నాను గంగన్నతో. "మనిషిని ఇడిశిపెట్టి నీళ్లు తీస్కుంటున్నరు."

"నీళ్లేమన్న నా అయ్య సొమ్మారా, దాసుకోనికి? పండుమను, చూపిస్త."

పంపు గదిలో మళ్లీ మోటారు ఆపాను. గెన్నాది తడి గచ్చు మీద పడుకున్నాడు. గంగన్న కుడిచేత్తో పోశాడు. మొదటి రెండుసార్లు గొంతు కదిలింది. మూడోసారి కదల్లేదు. నీళ్లు పెదవి చివర నుంచి చెవిలోకి కారాయి. గంగన్న ఆయన భుజం పట్టి కుదిపాడు.

"సార్, ఉఠో. లెవ్వు సార్... లెవ్వుమంటున్న గదా!"

గెన్నాది కళ్లు తెరిచాడు. చెవి తుడుచుకుని, కుడిచెయ్యి, మూడుసార్లు అని ఫోన్‌లో కొట్టి పంపాడు. బయట నాలుగింటి క్లాసు పిల్లలు అప్పటికే కాళ్లతో నీళ్లు చిమ్ముకుంటున్నారు. ఈల మెడలో వేసుకుని వాళ్ల దగ్గరికి పోయాడు. నేను మోటారు వేశాను.