మూడో హాలు, కిటికీ దగ్గర

ఆఫీసులో టపా చూసే పెద్దక్కకు ఆ మహానగరంలో అడుగు పెట్టకుండానే ప్రతి సందూ తెలుసు. ఆరేళ్ళుగా మధ్యాహ్నం డబ్బా మూత పెట్టగానే మ్యాపు పరిచి, దారంతో దూరాలు కొలిచి, ఏ మ్యూజియానికి ఏ రోజు సెలవో, ఏ కోటగోడ మీద ఎండ ఏ వేళకు పడుతుందో నోటుబుక్కులో గుండ్రటి అక్షరాలతో రాసుకుంటోంది. కొత్త బూట్లు కరవకుండా నెల్లాళ్ళు డాబా మీద నడిచింది. ఈసారి సెలవు దొరికింది, టికెట్టూ తీసుకుంది. నాలుగు రోజుల ముందు తండ్రి కాలు జారి మంచాన పడ్డాడు. తమ్ముడూ అదే వారం పెళ్ళాం పిల్లలతో అదే ఊరు బయల్దేరుతున్నాడు.

“పిల్లల సెలవులు మళ్ళీ రావక్కా. నువ్వు ఒంటి మనిషివి, ఎప్పుడైనా వెళ్ళొచ్చు” అన్నాడు. ఆమె టికెట్టు రద్దు చేయించుకుని, వాళ్ళ కోసం తన నోటుబుక్కులోని నాలుగు రోజుల ప్లానూ తెల్లకాగితాల మీద ఎత్తిరాసి ఇచ్చింది.

మంగళవారం తండ్రికి పక్కగుడ్డలు మారుస్తుంటే మరదలు ఫోన్ చేసింది.

“వదినా, మ్యూజియంలో ఆ రాణి బొమ్మ ఎక్కడన్నావు?”

“మూడో హాలు, గుమ్మానికి ఎడమ పక్క. దగ్గరికెళ్ళకండి. కిటికీ దగ్గర నిలబడి చూస్తేనే ముఖం నవ్వినట్టుంటుందట.”

“అమ్మో, ఇక్కడ క్యూ చాంతాడంత ఉంది! బొమ్మ కోసం ఎవరు నిలబడతారు? బజారుకి పోతున్నాం. నీకేమన్నా తెమ్మంటావా?”

“ఏమీ వద్దులే.”

ఫోన్ పెట్టేసి చేతులు కడుక్కుంది. నోటుబుక్కు తెరిచి, మూడో హాలు పక్కన ‘మంగళవారం మధ్యాహ్నం వద్దు, రద్దీ’ అని గుండ్రంగా రాసుకుంది.