గుసగుసకు నంబరు లేదు

ఆసుపత్రి రిజిస్టరులో జబ్బులకు నంబర్లు వేయడం నా పని. బేతంచెర్ల నాపరాళ్ల గనిలో గొంతుకు రాయి తగిలి స్వరతంతువులు దెబ్బతిన్న హుసేనప్ప ఇవాళ మళ్లీ చూపించుకోవడానికి వచ్చాడు. పాత నంబరే వేశాను. అతనిది గుసగుసే కాబట్టి, ఎప్పుడూ భార్యే గట్టిగా బదులిచ్చేది. ఇవాళ ఆమెదీ గుసగుసే.

"నీకేమైందమ్మా?"

"ఆయప్ప బాధపడతాడని ఇంట్లో అందరమూ ఇట్లే మాట్లాడతాంటిమి సామీ. ఇప్పుడు గట్టిగా మాట్లాడదామన్నా గొంతు వస్తాలేదు."

డాక్టరుగారు చూసి, దెబ్బేమీ లేదన్నారు. దెబ్బలేని గుసగుసకు నా పుస్తకంలో నంబరు లేదు. ఆ గడి ఖాళీగా వదిలేశాను. మీరైతే ఏం వేసేవారు?

సాయంత్రం ఇంటికొచ్చి కాఫీ అడిగాను.

"అంత మెల్లగా అడుగుతాండారేమి?" అంది మా ఆవిడ, తనూ మెల్లగానే.