గుర్రం నడిచేంత వేగం

నా బడి చదువు ఎనిమిదో తరగతితో ఆగిపోయింది. మిగతా పాఠాలన్నీ సినిమా హాలు ప్రొజెక్టర్ గదిలో నేర్చుకున్నాను. అందుకే, కెనడాలోని హామిల్టన్‌లో మా ఇంటి దగ్గరి చిన్న మ్యూజియంలో పాత రీళ్ళను కంప్యూటర్‌లోకి ఎక్కిస్తున్నారని తెలిశాక పిలవకపోయినా వెళ్ళి కూర్చునేవాణ్ణి. ఆ పని చూసే హైదరాబాద్ అమ్మాయి, "టీ తెచ్చిపెడితే ఉండనిస్తా అంకుల్" అంది.

ఒక మధ్యాహ్నం మొదటి ప్రపంచ యుద్ధం నాటి మూకీ న్యూస్‌రీలు వేసింది. రోడ్డు మీద కవాతు చేస్తూ సైనికులు. పక్కనే ఉక్కు ఫ్యాక్టరీ గేటులోంచి షిఫ్టు దిగి వస్తున్న కార్మికులు. దాన్ని చూడడానికే ఎనభై దాటిన ఒక తెల్లావిడ వచ్చింది. ఆమె తాత ఆ ఫ్యాక్టరీలోనే పనిచేశాడట. ఒక కాలు అవిటిదని సైన్యంలోకి తీసుకోలేదట. ఇంట్లో ఆయన ఫొటో ఒక్కటీ లేదు. గుర్తుపట్టడానికి మిగిలింది కుంటినడక ఒక్కటే.

తెర మీద చూస్తే అందరూ గెంతుతున్నారు.

"వీళ్ళు పోయేది యుద్ధానికా, క్రిస్మస్ మర్నాటి బాక్సింగ్ డే సేల్‌కా?" అన్నాను.

"అప్పట్లో అలాగే నడిచేవాళ్ళేమో అంకుల్."

"మీ ముత్తాత కూడా ఇలాగే గెంతేవాడా? ఆ బండి గుర్రాన్ని చూడు. కాళ్ళు నడుస్తున్నాయి, బండేమో పరిగెడుతోంది. అప్పట్లో కెమెరా చేత్తో నెమ్మదిగా తిప్పేవాళ్ళమ్మా, ఇప్పటి స్పీడ్‌లో వేస్తే ఇలాగే గెంతుతారు. స్పీడ్ తగ్గించు."

తగ్గించింది. ముసలావిడ కుర్చీ ముందుకు జరుపుకుంది. కుంటేవాడు ఎవడూ లేడు. అమ్మాయి జాలిపడి ఇంకా తగ్గించింది. ఈసారి ముగ్గురు కుంటుతూ కనబడ్డారు.

"ఈ స్పీడ్‌లో నేనూ కుంటుతా. గుర్రం గుర్రంలా నడిచేదాకా పెంచు."

పెంచగానే ముగ్గురి కాళ్ళూ బాగైపోయాయి. గుంపు పలచబడింది.

"ఇంకెవరూ లేరు అంకుల్. ఆపేయనా?"

"కాలు బాగాలేనివాడు గుంపులో ముందెందుకుంటాడు? ఉండనీ."

ఖాళీ గేటు. కాస్త పొగ. తర్వాత టోపీ కిందికి లాక్కున్న మనిషి ఒకడు, చేతిలో డబ్బాతో, ఎడమ కాలు ఈడ్చుకుంటూ వచ్చాడు. సైనికులు పోయిన వైపు చూస్తూ నిలబడి, కెమెరా వైపు తిరగకుండానే వెళ్ళిపోయాడు.

ముఖం కనబడనే లేదు. ఆవిడ మాత్రం కళ్ళద్దాలు తుడుచుకుంటూ, నవ్వుతూ ఏదో చెప్పింది. నాకు సగమే అర్థమైంది.

"వీధిలో అందరూ తిని లేచాకే ఈయన ఇంటికొచ్చేవాడని వాళ్ళ నాయనమ్మ తిట్టేదట" అంది అమ్మాయి. "మళ్ళీ వేయమంటున్నారు అంకుల్. గేటు ఖాళీ అయిన దగ్గర్నుంచి."